సుంకమ్మ మూడు కుప్పలు

“పారబొయ్యమంటావా? నోటితో చెప్పత్తా, పారబొయ్యమంటావా?”

“పారబొయ్యమని ఎవరన్నారు? దింపుకోవద్దంటాండా.”

“రేపు పొద్దున్నే ఆటో వస్తాది. నలభై డబ్బాలు. సరేనని మాటిచ్చినా. ఇప్పుడు యా మొగం పెట్టుకొని వద్దనేది?”

“మాటిచ్చేటప్పుడు కాయ చూసినావా?”

“చూసినా. ఫోన్లో ఫోటో పెట్టినాడు.”

“ఫోటోను గోటితో గీకినావా?”

“మళ్ళీ గోరు! నువ్వు అన్నం కలిపేటప్పుడు ఆ గోరు చూసి మా అక్కచెల్లెండ్లు నవ్వుతారు, తెలుసా నీకు? కత్తిరించుకో అత్తా. లోకమంతా పొడి పెట్టి మాగేసిన కాయలే తింటాండారు. రైల్లోవాళ్ళు కొంటారు, పోతారు. రైలు పోయినాక మనల్ని అడిగేదెవరు?”

మొన్న సాయంత్రం మా ఇంటి నడవలో నాకూ నా కోడలు సరోజకూ జరిగిన మాటలివి. మా కాళ్ళ దగ్గర, వరిగడ్డి పరిచిన గంపలో పదకొండు సీతాఫలాలు మాగుతున్నాయి. మాగే సీతాఫలం వాసన ఊరికే తియ్యగా ఉండదు. ఆ తీపి అడుగున తడిసిన ఆకు వాసన ఉంటుంది, కొండమట్టి వాసన ఉంటుంది. రైలు పోయినాక అడిగేదెవరన్న మాటా, ఆ వాసనా ఒక్కసారే తగిలేసరికి నోటి దాకా వచ్చిన జవాబు ఆగిపోయింది. సరోజ నేను తగ్గాననుకొంది. తగ్గలేదు. నాకు సుంకమ్మ గుర్తొచ్చింది.

ముందు మా అంగడి సంగతి చెప్పాలి. డోన్ జంక్షన్లో ఒకటో ప్లాట్‌ఫాం మీద, ఊరి సరుకు అమ్ముకొనే చిన్న అంగడి సరోజ పేరున ఉంది. ఈ ఏడు వానలు వెనకబడ్డాయి. కొండల్లో కాయ ఇంకా ముదరలేదు. వారం నుంచి మా బల్ల సగం ఖాళీ. ఖాళీగా ఉంచితే అంగడి ఇంకొకరికి ఇచ్చేస్తారని స్టేషన్లో ఎవరో అన్నారు. నిజమో కాదో తెలియదు గానీ ఆ మాట విన్నప్పటి నుంచి సరోజ సరిగా తినలేదు. నా కొడుకు లారీ మీద పోతే పది దినాలకు గానీ ఇల్లు చేరడు. పిల్లల చదువు, ఇంటి బియ్యం అన్నీ ఆ బల్ల మీదే నడవాలి. అందుకే ఎక్కడో పొరుగూరి వ్యాపారి లేతకాయకు పొడి పొట్లం పెట్టి, డబ్బాల్లో సర్ది పంపుతానంటే సరేనంది. ఆమెను తప్పుపట్టడం సులభం. కానీ ఆ భయం ఎలాంటిదో నాకు తెలుసు. ఆ భయంలో నేనొకసారి ఏం చేశానో కూడా తెలుసు. అది ఇన్నేళ్ళలో ఎవరికీ చెప్పలేదు.

సుంకమ్మను మీరు చూసి ఉండరు. చూసినా గుర్తుండదు. రైలు కిటికీలో కూర్చున్నవాళ్ళకు మా మొహాలు కనబడవు, చెయ్యీ గంపా కనబడతాయి, అంతే. ఆమె పొడుగాటి ఎముకల మనిషి. రంగు వెలిసిన నేతచీర, కొంగు బిగించి నడుముకు దోపి ఉండేది. నోట్లో ఎప్పుడూ వక్క. కుడిచేతి బొటనవేలి గోరు మాత్రం పెంచేది. అది పలకలా మందంగా, కాయల పసరుకు గోధుమరంగు తిరిగి ఉండేది. చదువు లేదు. గడియారం చూడడం రాదు. అయినా ఏ రైలు ఎంత ఆలస్యమో పట్టాల వైపు చూసి చెప్పేది. రెండో ప్లాట్‌ఫాం మీద పైవంతెన మెట్ల కింద మధ్యాహ్నం దాకా నీడ నిలుస్తుంది. ఆ నీడ ఆమెది.

నేను ఆ నీడలోనే పోయి కూర్చున్నాను, తెలియక. మాది కోడుమూరు పక్క పల్లె. మూడో తరగతి దాకా చదివించి గొర్రెల వెంట పంపారు. పెళ్ళైన మూడో ఏడు మా ఇంటాయన నాపరాళ్ళ గనిలో పనిచేస్తుంటే కాలిమీద బండ పడింది. పాదం నుజ్జయి మంచాన పడ్డాడు. చంకలో బిడ్డ. ఎవరో చెబితే తెల్లారకముందే, మొబ్బుతోనే కొండకిందికి పోయి ఒక గంప సీతాఫలాలు తెచ్చుకొని స్టేషన్‌కు వచ్చాను. నీడ కనబడితే కూర్చున్నాను.

“ఏమ్మే, యా ఊరు నీది?” అంది తలమీది నుంచి ఒక గొంతు.

“కోడుమూరు తట్టు.”

“కోడుమూరులో నీడ కరువైందా, ఈడికొచ్చినావు?”

“ఈ నీడ నీ పేరున రాసిచ్చినారా?” అన్నాను. అప్పటికి రెండు రోజులుగా కడుపునిండా తినలేదు. ఆ మాట ఆకలిదే.

చుట్టూ ఉన్న నలుగురు ఆడవాళ్ళూ నవ్వారు. ఆమె నవ్వలేదు. “నోరుండాది. చెయ్యుండాదో లేదో చూద్దాం. రవ్వంత జరుగు” అని నా పక్కనే కూర్చుంది. నా గంపలోకి తొంగి చూసి చెంపలు వాయించుకొంది. “ఇట్ల అన్నీ కలిపి పోసినావేందే తల్లీ! కాయలకు వావివరసలు ఉండవా?”

సీతాఫలానికి ఒళ్ళంతా కళ్ళే. లేతకాయ కళ్ళు ముడుచుకొని ఉంటాయి. ముదిరేకొద్దీ కన్ను విచ్చుకొని, కన్నుకూ కన్నుకూ మధ్య గాడి తెల్లబడుతుంది. కన్ను విచ్చిన కాయను కోస్తే రెండు మూడు రోజుల్లో మాగుతుంది. విచ్చకముందే కోస్తే అది ఎన్నాళ్ళైనా మాగదు. నల్లబడి రాయైపోతుంది. ఇదంతా కొండకింద పుట్టినవాళ్ళకు తెలిసిందే. సుంకమ్మ దానిమీద ఇంకొక మెట్టు ఎక్కింది. ప్రతి కాయనూ గాడిలో గోటితో సన్నగా గీకేది. పసరంటితే పక్కన పడేసేది. గోరు పొడిగా వస్తే కాయను అరచేతిలో ఒక్కసారి తూచి మూడు కుప్పల్లో ఒకదానిలో పెట్టేది. ఈపొద్దుటి కుప్ప, రేపటి కుప్ప, ఎల్లుండి కుప్ప.

రైలు ఆగగానే మిగతావాళ్ళు కాయలు పైకెత్తి అరిచేవాళ్ళు. సుంకమ్మ అరిచేది కాదు. కిటికీ దగ్గరికి పోయి ఒక్కటే అడిగేది: “యాడికి పోతాండారు?” రైల్లోనే తినే పిల్లలకు ఈపొద్దుటి కుప్ప. కాచిగూడ, తిరుపతి, బెంగళూరు అంటే రేపటి కుప్ప. ఆ పైన ఉత్తరదేశమంతా ఎల్లుండి కుప్పే. నేను మూడో తరగతిలో గోడకు తగిలించిన పటం మీద చూపుడుకర్రతో చూపించిన ఊళ్ళన్నీ ఆమె లెక్కలో మూడే తావులు. నాగపూరు ఎక్కడుందని ఆమెను అడిగితే “ఎల్లుండి కుప్పలో” అనేది. నవ్వులాటకు కాదు, నిజంగానే.

అడిగితే అందరూ జవాబు చెప్పరు. ఒకసారి చలువ కళ్ళద్దాలు పెట్టుకొన్న ఒకాయన కిటికీలోంచి వేలు చూపించి, “అవిగో, ఆ మెత్తటివి ఒక డజను ఇయ్యి. యాడికి పోతే నీకెందుకు? పోలీసు డిపార్ట్‌మెంటా నీది?” అన్నాడు.

“చెప్పకుంటే ఇయ్యను సార్.”

“దుడ్లు ఇస్తాండా గదా!”

“దుడ్లు నువ్విస్తావు. కాయ నీ మాట వినాల గదా.”

పక్కనున్నవాళ్ళు నవ్వుతుంటే ఆయన చిరాగ్గా “ఢిల్లీ” అన్నాడు. సుంకమ్మ మెత్తటి కాయలు వెనక్కి తీసుకొని రాయిలాంటివి డజను సంచిలో వేసింది. “ఆ మెత్తటివి కాచిగూడ దాటేసరికి నీ బట్టల్లో పాయసమైతాయి. ఇవి ఇంటికి పోయినాక గోధుమల్లోనో బియ్యంలోనో పెట్టు. మీ ఆడమనిషి నన్ను తిట్టకుండా ఉండాల.” రైలు కదిలింది. ఆయన మొహం మీద కోపం అలాగే ఉంది, ఒళ్ళో మాత్రం సంచి జాగ్రత్తగా పట్టుకొని ఉన్నాడు.

నేనన్నాను, “ఆయప్ప మళ్ళీ ఈ జన్మలో కనబడతాడా అక్కా? అడిగినవి ఇచ్చేస్తే పోలేదా?”

“కనబడడు. దానికి?” అంది. కొంచెం సేపు వక్క నమిలి, “మన పేరు వాళ్ళకు తెల్దు ఈరమ్మా. స్టేషన్ పేరు తెలుసు. నీ కాయ కుళ్ళితే ఈరమ్మ కాయ కుళ్ళిందనరు, డోను కాయ కుళ్ళిందంటారు. అప్పుడు ఈ ఆరుమంది గంపలూ కుళ్ళినట్లే” అంది.

కాయలు అమ్మడమే కాదు, ఏదీ పారెయ్యకుండా ఉండడం కూడా ఆమె దగ్గరే నేర్చుకొన్నాను. ఒక సీజను గడ్డిని ఎండబెట్టి మూడు సీజన్లు వాడేది. పాత చీరలు చింపి గంప అడుగున మెత్తలు కుట్టేది. పగిలిన కాయను ఎవరికీ అమ్మేది కాదు. మధ్యాహ్నం ఆరుమందిమీ మెట్ల కింద కూర్చొని జొన్నరొట్టెలో అద్దుకొని తినేవాళ్ళం. గింజలు ఎండబెట్టి నూరి పేలమందు చేసేది. కదిలే రైలు వెంట మాత్రం పరిగెత్తనిచ్చేది కాదు. కార్తీకమాసంలో శ్రీశైలం పోయొచ్చే భక్తులు రైళ్ళకు వేలాడుతూ కాయలకోసం కేకలేస్తారు. ఆ సందట్లో నేనొకసారి కదిలే బోగీ వెంట పరిగెత్తితే ఆమె నా జడ పట్టి లాగింది. “రేపు గూడ రైలొస్తాది. నువ్వు రావాల గదా” అంది.

ఇంతవరకూ సరోజకు ముందే తెలుసు. సుంకమ్మ గురించి నేను చాలాసార్లు గొప్పగా చెప్పుకొన్నవే ఇవన్నీ. మొన్న సాయంత్రం ఇంతటితో ఆపాలనే అనుకొన్నాను. కానీ సరోజ తలుపుకు ఆనుకొని, “మీ సుంకమ్మ కాలం వేరు. ఆయమ్మకు అంగడి పోతాదన్న భయం లేదు. నీకూ ఏనాడూ లేదు. నా భయం మీకేం తెలుస్తాది?” అంది. నేను గడప మీద కూర్చున్నాను. “నువ్వూ కూచో” అన్నాను. మిగతాది చెప్పాను.

నాకు రెండో కాన్పు అయిన ఏడు వానలే పడలేదు. మా ఇంటాయన లేచి నడుస్తున్నాడు గానీ బరువు మోయలేడు. కొండమీద కాయ తక్కువ. ముందు పోయినవాళ్ళకే దొరుకుతుందని కోసేవాళ్ళు పోటీలు పడి లేతకాయలే దులిపేశారు. కన్ను విచ్చని కాయలు ఒక గంపెడు, ఊరికే ఇచ్చినట్లు ఇస్తానన్నాడు కొండకింద ఒకడు. చవగ్గా వచ్చేదాన్ని వదిలిపెట్టడం నాకు ఈనాటికీ చేతకాదు. తీసుకొన్నాను. దారిలో ఆకూవక్కా వేసుకొంటుంటే సున్నం చుక్క ఒకటి కాయ మీద పడింది. తుడిస్తే పైనంతా పోయింది, గాడిలో మాత్రం నిలిచింది. ఆ గాడి అచ్చం ముదిరిన కాయ గాడిలా తెల్లగా కనబడింది.

ఇంటికి పోయి సున్నపునీళ్ళు కలిపాను. గుడ్డ ముంచి ఒక్కొక్క కాయకూ అద్ది, పొడిగుడ్డతో పైన తుడిచాను. పొద్దు వాలే దాకా కూర్చొని గంపెడు కాయలకు కళ్ళు తెరిపించాను. నా పెద్దకొడుకు, అంటే సరోజ మొగుడే, పక్కన ఆడుకొంటూ “అమ్మ కాయలకు నీళ్ళు పోస్తాంది” అన్నాడు. నేను గమ్మునుండమన్నాను.

మరుసటి రోజు సుంకమ్మ స్టేషన్‌కు రాలేదు. నందికొట్కూరు పక్క పల్లెలో ఉన్న కూతురింటికి పోయింది. గుంటూరు రైలు వచ్చింది. ఒక పెద్దాయన బోగీలోంచి దిగి నేరుగా నా గంప దగ్గరికే వచ్చాడు. భుజాన చీరల మూట. మనిషి దగ్గరికి రాగానే గంజి వాసన. నేతపని మనిషని చూడగానే తెలిసింది.

“పది కాయలియ్యి తల్లీ. మంచివి చూసియ్యి.”

నేను సుంకమ్మ నేర్పినట్లే అడిగాను. నాకు అన్నిటికంటే సిగ్గైనది అదే. సున్నం పూసిన కాయలు ముందు పెట్టుకొని కూడా నా నోరు అలవాటు తప్పలేదు. “యాడికి పోతాండారు?” అన్నాను.

“గుంటూరుకు. మా చెల్లెలింటికి. మా నాయన పోయినప్పుడు మగ్గం కాడ మాటా మాటా వచ్చె. ఏడేండ్లాయె మాటల్లేక. సీతాఫలమంటే దానికి పాణం. వట్టి చేతుల్తో ఎట్ల పోయేది?”

“ఎన్నాళ్ళుంటారు?”

“ఉండమంటే నాలుగైదు దినాలు. ఫో అంటే రేపటి రైలుకే” అని నవ్వాడు. నవ్వేటప్పుడు చేతులు మూట ముడిని బిగిస్తున్నాయి.

అప్పుడైనా వేరే గంపలోంచి ఇప్పించి ఉండవచ్చు. పక్కన నలుగురున్నారు. ఇప్పించలేదు. ఆయనే వంగి తెల్లటి గాడులున్న కాయలు ఏరుకొన్నాడు. “రేపటికి మాగుతాయా?” అన్నాడు. “మాగుతాయి” అన్నాను.

సుంకమ్మ మరుసటి పొద్దున వచ్చింది. గంప దింపకముందే నా గంపలోంచి ఒక కాయ తీసింది. గీకింది. గోటిని నాలుక మీద పెట్టుకొంది. తుపుక్కున ఉమ్మింది.

“సున్నం” అంది.

నేను గంప మీద కొంగు కప్పబోయాను.

“ఎన్ని పోయినాయి?”

“పదే. ఈ పొద్దు ఇంగా ఎవరికీ ఇయ్యలేదు.”

“ఎవురికి పోయినాయి?”

చెప్పాను. చెల్లెలు, ఏడేళ్ళు, మగ్గం అన్నీ చెప్పాను. సుంకమ్మ మెట్టుకు ఆనుకొని అలాగే కూలబడింది. తిడుతుందనుకొన్నాను. కొడుతుందనుకొన్నాను. ఆమె అడిగింది వేరే.

“తిరిగొచ్చేదెప్పుడంట?”

“ఉండమంటే నాలుగైదు దినాలంట. పొమ్మంటే ఈపొద్దే.”

“ఐతే ఈపొద్దుటి నుంచే చూడాల.”

“ఎవర్ని?”

“ఆ మనిషిని. యేమ్మే, రైలు పోయినాదని నీ పని ఐపోయినాదనుకుంటివా?”

“ఇంతమందిలో యాడ వెతికేదక్కా? తప్పైపాయె. ఇంగెప్పుడూ చెయ్యను. అంతే గదా!”

“నువ్వు ఇంగ చెయ్యవు. అది నాకు తెలుసు. చేసినదాన్ని ఎవరు తీసుకోవాల?”

మిగిలిన సున్నపు కాయలన్నీ గూడ్సు షెడ్డు వెనక గుంట తవ్వి నాచేతే పూడ్పించింది. తర్వాత తన గంపలోంచి ఈపొద్దుటి కాయలు, చెయ్యి తగిలితే పగిలేటంత బాగా మాగినవి, పది ఏరి చిన్న బుట్టలో పెట్టింది. ఎవరడిగినా ఆ పది అమ్మలేదు. గుంటూరు నుంచి వచ్చే రైలు మధ్యాహ్నానికి వచ్చేది. ఇంజను వైపు నుంచి నేను, గార్డు పెట్టె వైపు నుంచి ఆమె, కిటికీ కిటికీకీ చూసుకొంటూ నడుమకు వచ్చేవాళ్ళం. రైలు పోయింది. ఆయన లేడు.

“రాలేదక్కా” అన్నాను ఏడుపు గొంతుతో.

“రాకుంటే మంచిదే. ఉండమన్నాదన్నమాట” అంది సుంకమ్మ. ఆ పది కాయలూ పంచి మాచేత తినిపించింది. మరుసటి రోజు మళ్ళీ పది ఏరింది.

ఒక మనిషి కోసం అంత వెతికి, కనబడకపోతే అంత సంతోషపడడం నాకు ఆ నాలుగు రోజుల్లోనే తెలిసింది.   అమ్మకం సరిగా సాగలేదు, ఇంట్లో గంజి పలచబడింది, అయినా ఆమె నన్ను వదల్లేదు. “కాలు నొస్తాంది” అంటే “నాకూ నొస్తాంది, నడువు” అనేది.

అయిదో రోజు ఆయన వచ్చాడు. కిటికీ దగ్గరే కూర్చున్నాడు. భుజాన మూట లేదు. నన్ను చూసి ఆయనే ముందు పలకరించాడు.

“నీ కాయలు మాగలేదు తల్లీ! నల్లంగ బండలైపాయె. మా చెల్లెలు ఒకటి తీసి నేలకేసి కొట్టి, ఏడేండ్లకొచ్చి రాళ్ళు తెచ్చినావా అన్నా అనె. నేను నవ్వితి. అదీ నవ్వె. నవ్వి నవ్వి ఏడ్చె.”

నా ఒళ్ళు తేలికైంది. మంచే జరిగింది కదా అని సుంకమ్మ వైపు చూశాను. ఆమె బుట్ట నా చేతిలో పెట్టి, “చెప్పు” అంది.

“ఏం చెప్పాల అక్కా?”

“నీకు తెలీదా?”

కిటికీ కడ్డీలు పట్టుకొని చెప్పాను. “మాగే కాయలు కాదవి. లేతవి. గాడుల్లో సున్నం పూసినా.”

పెద్దాయన నవ్వు ఆగింది. నన్ను కాసేపు చూశాడు. ఎదుటి సీటులో ఉన్నవాళ్ళు కూడా చూశారు. “మా పనిలో గూడ ఇట్లాంటోళ్ళు ఉండారమ్మా” అన్నాడు నెమ్మదిగా. “తెగిన పోగును ముడెయ్యకుండా గంజితో అంటించి చీర మడతపెట్టి ఇస్తారు. కొన్నామెకు మొదటి ఉతుకులో తెలుస్తాది. అప్పుడు నేసినోడు ఎదురుగా ఉండడు.” పది కాయలూ తీసుకొని ఒళ్ళో పెట్టుకొన్నాడు.  రైలు కదిలింది.

రైలు పోయాక నేను, “పోనీలే అక్కా, మన రాళ్ళతోనే ఆ అన్నాచెల్లెండ్లు కలిసినారు” అన్నాను.

సుంకమ్మ నావైపు తిరిగింది. ఆ మొహం నాకిప్పటికీ కళ్ళకు కట్టినట్లుంది. “ఆయమ్మ మంచిది గాబట్టి నవ్వింది. దాంట్లో నీ మంచితనం యాడుండాది?” అంది. అంతే. గంప ఎత్తుకొని రెండో ప్లాట్‌ఫాంకు నడిచింది. మిగతా నలుగురికీ ఈ సంగతి ఎన్నడూ చెప్పలేదు. బతికినంతకాలం నన్ను ఎత్తిపొడవలేదు. కానీ ఏ ఏడు సీజను మొదలైనా మొదటి కాయ నా చేతిలో పెట్టి “గీకు” అనేది. నా గోరు ఆ ఏటి నుంచే పెంచుకొన్నాను.

తర్వాత కొన్నేళ్ళకు ఆమె కళ్ళకు పొర కమ్మింది. అయినా వచ్చేది. చేత్తో తడిమి, గోటితో గీకి మూడు కుప్పలు వేసేది, ఒక్కటి కూడా తప్పేది కాదు. నేను కిటికీ దగ్గర ఊరి పేరు అడిగి కేకేస్తే ఆమె కుప్పలోంచి తీసి ఇచ్చేది. చివరకు నడవలేక కూతురింట్లో పడిందని తెలిసి నేను పోయాను. మంచి కాయలు ఏరి, దూరం కదా అని గట్టివే గడ్డిలో చుట్టి తీసుకుపోయాను. మంచం మీద పడుకొని ఒక కాయ చేతిలోకి తీసుకొంది. తడిమింది. గోరు ఆడించింది.

“ఈరమ్మా, ఇవి ఎల్లుండి కుప్పవి.”

“అవునక్కా. ఉంటాయని తెచ్చినా.”

“కాయలుంటాయి. నేనుండాల గదా. ఈపొద్దువి తేపో.”

ఆ మాటలో ఏడుపు లేదు. కాచిగూడ పోయేవాళ్ళకు చెప్పినట్లే చెప్పింది. నేను ఎండలో నందికొట్కూరు సంతకు పోయి, గంపలన్నీ గీకి, నలుగురితో తిట్లు తిని, పగలడానికి సిద్ధంగా ఉన్న పండ్లు రెండు పట్టుకొచ్చాను. ఒకటి గింజలు తీసి తినిపించాను. రెండోది నన్ను తినమంది. తింటున్నంతసేపూ నా నోటి చప్పుడు వింటూ పడుకొంది. నాలుగో రోజు కబురొచ్చింది.

ఇదంతా చెప్పేసరికి నడవలో వెలుగు తగ్గింది. సరోజ నా ఎదురుగా గోడకు ఆనుకొని కూర్చొని ఉంది.

“నువ్వా? సున్నం పూసింది నువ్వా అత్తా?”

“నేనే.”

“ఇన్నేండ్లు నువ్వు పుట్టుకతోనే ఇట్ల అనుకుంటి” అంది. నా చేతి వైపు చూసి, “పెండ్లైన కాడి నుంచి ఆ గోటితో నన్ను గీకుతాండావు, ఇది చెప్పకుండా” అంది. కోపమూ కాదు, నవ్వూ కాదు. అన్నది నిజమే. మళ్ళీ తనే, “అంగడి పోతే?” అంది.

“పోతే మెట్ల కింద కూచుంటాం. పాత వంతెన కన్నా కొత్తది వెడల్పు. నీడ ఇంగా ఎక్కువుండాది.”

సరోజ లేచి పొయ్యి దగ్గరికి పోయింది. ఒప్పుకొందో లేదో చెప్పలేదు. 

మరుసటి రోజు పొద్దున్నే స్టేషన్ బయట ఆటో ఆగింది. డ్రైవరు తాడు విప్పి డబ్బాలు దించబోయాడు. సరోజ “ఒక్క నిమిషం ఉండప్పా” అని పై డబ్బా మూత తీసింది. కాయలు పచ్చగా, నిగనిగలాడుతూ వరసగా ఉన్నాయి. తన గోళ్ళు చూసుకొంది. అవి కురచగా కత్తిరించి ఉన్నాయి. నా కుడిచెయ్యి పట్టుకొని బొటనవేలిని కాయ గాడిలో ఆనించి తనే గీకింది. పసరు అంటింది. నా గోటిని కళ్ళ దగ్గర పెట్టుకొని చూసింది.

“తీసకపో అప్పా. మాకొద్దు.”

“మాటిచ్చినావంట గదమ్మా!”

“ఇచ్చినా. కాయ చూడకుండా ఇచ్చినా. తప్పు నాదే అని మీ సేటుకు నేనే ఫోన్ చేసి చెప్తా.”

ఆటో తిరిగిపోయింది. గంపలోని పదకొండు కాయలు సరోజ బల్ల మీద గుడ్డ పరిచి పేర్చింది. ఈపొద్దుటివి నాలుగు, రేపటివి ఏడు. ఎల్లుండి కుప్పకు కాయలు లేవు. ఆ తావు ఖాళీగానే వదిలింది. పది గంటలకు పదకొండూ అయిపోయాయి. అంగడి తలుపు మూయకుండా బల్ల తుడిచి, ఇద్దరమూ దాని వెనక కూర్చున్నాం. మధ్యాహ్నం రైలుకు ఒకాయన పరుగున దిగి వచ్చి, “సీతాఫలాలు లేవా?” అన్నాడు.

“ఇంగా కండ్లు తెరవలేదన్నా” అంది సరోజ. “వారం పడతాది.”

ఆయన మళ్ళీ రైలెక్కాడు.